బొమ్మకు ముందు పుట్టిన సంగీతము



తోలుబొమ్మలాటలో బొమ్మ తెరపైకి రాకమునుపే మద్దెల మ్రోగుట మన మెఱిగినదే. జపాను దేశమున బొమ్మల చలనచిత్రముల చరిత్రలో ఇంతకంటె వింత యొకటి జరిగినది. చిత్రము పూర్తికాకమునుపే పుట్టిన సంగీతము తన కర్తకు ఆ చిత్రమునే సంపాదించిపెట్టినది.

ఆ స్వరకర్త పేరు జో హిసైషి. అసలు పేరు ఫుజిసావా మమోరు. 1950వ సంవత్సరమున నాగనో ప్రాంతమునందలి నకానో పట్టణమున జన్మించెను. నాలుగవయేట ఫిడేలు పట్టెను. పెద్దవాడై కునితాచి సంగీత కళాశాలలో స్వరరచన నభ్యసించెను. చిన్న స్వరఖండమును మరల మరల వినిపించుచు, కొంచెము కొంచెముగా మార్చుచు పోవు నూతన మార్గమునం దాతనికి మక్కువ యెక్కువ. 1983 నాటికి ముప్పది దాటినను లోకమున పేరు రాలేదు.

ఆ యేట మియజాకి హయావో యను దర్శకుడు "గాలిలోయ నౌసికా" యను చిత్రమును సిద్ధపఱచుచుండెను. తకహాతా ఇసావో దాని నిర్మాత. చిత్రము విడుదలకు ముందే కథాభావమును తెలుపు సంగీతముతో రికార్డు నొకదానిని వెలువరించుట అచటి పద్ధతి. హిసైషి కప్పగించినది ఆ రికార్డు మాత్రమే. చిత్రమునకు వేరొక ప్రసిద్ధుని తలచియుండిరి. కథలోని గాలి, అడవి, మహాకీటకములను గూర్చి దర్శకుడు చెప్పిన మాటలే ఆధారముగా నాతడు స్వరములు కూర్చెను. ఆ రికార్డు విన్న పెద్ద లిరువురును చిత్రమునకు సైత మీతడే తగినవాడని నిశ్చయించిరి. 1984 మార్చి 11వ తేదీన చిత్రము వెలువడినది. అది మొదలు 2023లో వచ్చిన "మీరెట్లు జీవింతురు" వఱకు మియజాకి తీసిన 11 పెద్ద చిత్రములకు హిసైషియే సంగీతకర్త. తకహాతా మాత్రము తాను దర్శకత్వము వహించిన చిత్రమున కాతనిని పిలిచినది ముప్పదియేండ్లకు, 2013లో, "కగుయా రాకుమారి కథ"కు.

బొమ్మల సినిమా పిల్లల కాలక్షేపమే గదా యని నేను చిరకాలము తలచితిని. ఒకనాడు నా మనుమరాలు 2001 నాటి "సెన్, చిహిరో" చిత్రమును నాకు చూపినది. అందొక బాలిక నీటిమీదుగా సాగు రైలులో మౌనముగా కూర్చుండును. మాటలు లేవు, పియానో మెల్లగా పలుకుచుండును. నా కన్నులు చెమర్చినవి.

నా కప్పుడు నా బడి జ్ఞప్తికి వచ్చినది. వెనుక బల్లపై కూర్చుండు బాలు డొకడు తాను వ్రాసిన పద్యమును తెచ్చి చూపగా, "నీకు ఛందస్సేమి తెలియును?" అని చదువకయే తిరిగి యిచ్చితిని. వాడు మరల నెన్నడును పద్యము తేలేదు. ఆ కాగితములో నేమున్నదో నాకు నేటికిని తెలియదు.

టోక్యోలో నా పెద్ద లిరువురును మొదట విని, పిదప నిర్ణయించిరి. నేను వినకయే నిర్ణయించితిని. అయ్యలారా, రేపు మీ అరుగు కడకు పేరులేని పిల్లవాడెవడైన తన పని చేతబట్టుకొని వచ్చినచో, ముందు వినుడు.