ఏది ముందు, ఏది వెనుక

నిజాయితీ మంచిదేనా అని అడిగితే కాదనేవాళ్లుండరు. స్వేచ్ఛ, సమానత్వం, కుటుంబ భద్రత అన్నా అందరూ తలూపుతారు. విలువలను కొలవబోయిన మనస్తత్వ శాస్త్రవేత్తలకు అక్కడే చిక్కొచ్చింది. అన్నీ కావాలనే మనిషి దేనికోసం దేన్ని వదులుకుంటాడో పట్టుకోవడం ఎలా?

జర్మనీకి చెందిన ఎడువార్డ్ స్ప్రాంగర్ మనుషుల్లో ఆరు రకాలు చూశాడు: సత్యాన్వేషి, లాభనష్టాలు బేరీజు వేసేవాడు, సౌందర్యారాధకుడు, తోటివారిని ప్రేమించేవాడు, అధికారం కోరేవాడు, భక్తుడు. ఆ ఆరింటినీ 1931లో అమెరికాలో గోర్డన్ ఆల్‌పోర్ట్, ఫిలిప్ వెర్నన్ ప్రశ్నపత్రంగా మలిచారు. అందులో ఒకదానికి మార్కులు పెరిగితే మరోదానికి తగ్గాల్సిందే.

ఈ పద్ధతిని అసలు పదునెక్కించినవాడు మిల్టన్ రోకీచ్. చేరాలనుకునే గమ్యాలు 18, నడవడికకు సంబంధించినవి 18 అని రెండు జాబితాలు చేశాడు. ఒక్కో విలువా ఒక్కో జిగురు చీటీ మీద ఉంటుంది. ముఖ్యమైనదాన్ని పైన అంటించి వరుసగా కిందికి రావాలి. మనసు మారితే పీకి మరోచోట అంటించవచ్చు. మిచిగన్ స్టేట్ యూనివర్సిటీ విద్యార్థుల వరుసలో స్వేచ్ఛ మొదటిది, సమానత్వం పదకొండోది. మీకు మీ స్వేచ్ఛ మీదున్న పట్టింపు ఇతరుల స్వేచ్ఛ మీద లేదన్నమాట అని కొందరికి చెప్పి ఊరుకున్నాడు. నెలలు గడిచాక, నల్లజాతివారి హక్కుల కోసం పోరాడే ఎన్‌ఏఏసీపీలో చేరమంటూ ఉత్తరాలు వెళ్తే, ఆ మాట విననివారికంటే విన్నవారే ఎక్కువమంది చేరారు. ఆ ఉత్తరమూ ప్రయోగంలో భాగమేనని వాళ్లకు తెలియదు. నాకది ఇబ్బందిగానే అనిపిస్తుంది. అయినా తన వరుసను తానే చూసుకున్న మనిషి మారగలడన్న ఆ ఫలితాన్ని తేలిగ్గా తీసిపారేయలేను.

1992లో జెరూసలేం హీబ్రూ యూనివర్సిటీ ఆచార్యుడు షాలోమ్ ష్వార్ట్జ్ 20 దేశాల సమాచారంతో వరుసను వలయంగా మార్చాడు. పది విలువల్లో పొసిగేవి పక్కపక్కన, పొసగనివి ఎదురెదురుగా ఉంటాయి. అధికారకాంక్షకు ఎదుట సర్వజనహితం. సంప్రదాయానికి ఎదుట కొత్తదనం. ఆధ్యాత్మికతకు అన్ని సమాజాల్లోనూ ఒకే అర్థం కుదరక దాన్ని పక్కన పెట్టాడు. 2012లో సహచరులతో కలిసి పదిని పంతొమ్మిదిగా విడదీశాడు.

ష్వార్ట్జ్ ర్యాంకులు అడగలేదు, ప్రతి విలువకూ విడిగా మార్కులు వేయమన్నాడు. కొందరు అన్నిటికీ ఉదారంగా వేస్తారు, కొందరు పిసినారితనంగా. అందుకని ఎవరి సగటును వారి మార్కుల్లోంచి తీసేసి, మిగిలిన తేడాలనే చూడమన్నాడు.