తప్పిన లెక్కల నుంచి సిలబస్ దాకా

బీటెక్‌లో సీఎఫ్‌డీ (కంప్యుటేషనల్ ఫ్లూయిడ్ డైనమిక్స్, అంటే ప్రవాహాలను కంప్యూటర్‌తో లెక్కగట్టడం) అనగానే అందరికీ గుర్తొచ్చేది విమానం రెక్క చుట్టూ రంగుల బొమ్మ. దాని వెనక నూరేళ్లకు పైబడిన చాకిరీ ఉంది. అందులో తప్పిన లెక్కలూ తక్కువేం కాదు. నన్నడిగితే ఈ సబ్జెక్టును ఆ తప్పుల వరసలోనే చెప్పాలి. మన సిలబస్ సూత్రాల వరసలో చెబుతుంది.

ప్రవాహాల సమీకరణాలను 1822లో నేవియర్, 1845లో స్టోక్స్ రాసిపెట్టారు. పైపులో సాఫీగా పారే నీళ్లలాంటి కొద్ది సందర్భాల్లో తప్ప అవి కాగితం మీద లొంగవు. లొంగదీసే దారి చూపినవాళ్లలో ముందువరసలో నిలిచేది ఇంగ్లండ్‌కు చెందిన లూయిస్ ఫ్రై రిచర్డ్‌సన్. 1910లో రాతి ఆనకట్టలో ఒత్తిళ్లు లెక్కగట్టడానికి దాని అడ్డుకోతను గళ్లుగా విడదీసి, అవకలనాలను పక్కపక్క బిందువుల మధ్య తేడాలుగా మార్చాడు. లెక్కలు చేయడానికి కుర్రాళ్లను పెట్టుకున్నాడు. ఒక్కో బిందువుకు, ఒక్కో అంకెకు పెన్నీలో పద్దెనిమిదో వంతు కూలి. చురుకైన కుర్రాడు వారానికి 2,000 లెక్కలు తేల్చేవాడట. తప్పు చేసినవి లెక్కలోకి రావు!

తర్వాత ఆయన చూపు వాతావరణం మీద పడింది. మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్స్‌లో అంబులెన్స్ దళంలో పనిచేస్తూనే, 1910 మే 20 నాటి వాతావరణాన్ని చేత్తో లెక్కించాడు. ఆరు గంటల్లో పీడనం 145 హెక్టోపాస్కల్ మారుతుందని తేలింది. ఆ రోజు నిజానికి పీడనం దాదాపు కదల్లేదు. ఆ ఘోరమైన ఫలితాన్ని దాచకుండా 1922లో పుస్తకంలో అచ్చేశాడు.

టైమ్ స్టెప్, అంటే లెక్క ఒక్కో అడుగులో దాటే కాలం, మరీ పెద్దదవడం వల్లే లెక్క చెడిందని కొందరు చెబుతుంటారు. 1928లో కూరాంట్, ఫ్రీడ్రిక్స్, లెవీ తేల్చిన నియమం నిజంగానే గొప్పది. టైమ్ స్టెప్‌కు గడి పరిమాణాన్ని బట్టి హద్దుంటుంది, అది మీరితే తప్పు అడుగడుగుకూ పెరిగి లెక్క పేలిపోతుంది. కానీ రిచర్డ్‌సన్ వేసింది ఒక్క అడుగే, తప్పు పెరగడానికి వ్యవధి ఏది? అసలు దోషం మొదట్లో తీసుకున్న గాలి, పీడనాల విలువల్లో ఉంది. వాటికి ఒకదానితో ఒకటి పొంతన లేదు. చాలా ఏళ్ల తర్వాత ఐర్లండ్ శాస్త్రవేత్త పీటర్ లించ్ ఆ లెక్కను మళ్లీ చేశాడు. ఆరంభ విలువలను సర్దాక జవాబు సబబుగానే వచ్చింది.

1950లో తొలితరం కంప్యూటర్ ఎనియాక్ మీద 24 గంటల వాతావరణ సూచనకు సుమారు 24 గంటలు పట్టింది. కంప్యూటర్లు వచ్చినా 1953లో జపాన్‌లో కవాగుటి, సిలిండర్ చుట్టూ ప్రవాహాన్ని చేతి లెక్కల యంత్రంతోనే సాధించాడు. వారానికి 20 గంటల చొప్పున ఏడాదిన్నర!

తర్వాతి మలుపు అమెరికాలోని లాస్ అలమోస్ ప్రయోగశాలది. పీడనాన్నీ వేగాన్నీ ఒకే బిందువు దగ్గర ఉంచితే ఓ చిక్కుంది. పీడనం 20, 80, 20, 80 అంటూ చదరంగం బల్లలా ఎగుడుదిగుడుగా ఉన్నా, ఒక బిందువుకు అటూ ఇటూ ఉన్న విలువల తేడా సున్నాయే. అంటే సమీకరణానికి ఆ ఊగిసలాట కనిపించనే కనిపించదు. 1965లో అక్కడి హార్లో, వెల్చ్ పీడనాన్ని గడి మధ్యలోనూ వేగాలను గడి అంచుల మీదా పెట్టారు. దాంతో ఆ చిక్కు తొలగింది. పుణెలో ఇంజనీరింగ్ చదివిన సుహాస్ పటాంకర్, లండన్ ఇంపీరియల్ కాలేజీలో స్పాల్డింగ్‌తో కలిసి 1972లో ప్రకటించిన ‘సింపుల్’ (SIMPLE) అనే పద్ధతి కూడా ఆ అమరిక మీదే నడిచింది.

ఇలాంటి లెక్కలకు పెద్ద యంత్రాలు కావాలి. సూపర్ కంప్యూటర్ల ఎగుమతికి అమెరికా అడ్డుపడుతున్న రోజుల్లో మనవాళ్లు సొంతంగా కట్టుకున్నారు. 1986లో బెంగళూరులోని వైమానిక పరిశోధన సంస్థ ఎన్‌ఏఎల్‌లో ఫ్లోసాల్వర్, ఆ దశాబ్దం చివర హైదరాబాద్‌లో డీఆర్‌డీవో సంస్థ అనురాగ్ మొదలుపెట్టిన పేస్. రెండూ గాలి లెక్కల కోసం పుట్టినవే.

ఇప్పుడు విద్యార్థి రాసే తొలి ప్రోగ్రాముల్లో ఒకటి, మూత పక్కకు జరిగే చదరపు డబ్బాలోని సుడి. జవాబును 1982లో ఉర్మిళా ఘియా, కీర్తి ఘియా, షిన్ అచ్చేసిన పట్టికలతో పోల్చుకోవాలి. ప్రవాహంలో జిగటతో పోలిస్తే జడత్వం ఎంతో చెప్పే రేనాల్డ్స్ సంఖ్య 100 దగ్గర విద్యార్థి గీత వాళ్ల చుక్కల మీదుగానే పోతుంది. 10,000 దగ్గర ముతక గ్రిడ్ చాలదు. అక్కడ వాళ్లు వాడింది 257×257 గ్రిడ్.