మోటారు వీధి: చికాగోలో కార్ల పేట కథ

కొత్త యంత్రం పుట్టినప్పుడు దానికి తగిన కొత్త కట్టడం కూడా పుడుతుంది. రైలుబండి వచ్చింది, స్టేషను వెలసింది. చలనచిత్రం వచ్చింది, సినిమా హాలు వెలసింది. అదే విధంగా మోటారు కారు తన కోసం కట్టించుకొన్న పేట ఒకటి అమెరికాలోని చికాగో నగరంలో నేటికీ నిలిచి ఉన్నది. దక్షిణ మిచిగాన్ అవెన్యూలో 22వ వీధి ప్రాంతాన ఉన్న ఆ పేటను ‘మోటార్ రో’, అనగా మోటార్ల వరుస, అంటారు.

ఇరవయ్యవ శతాబ్ది ఆరంభంలో కారు ధనికుల వేడుక వస్తువు. ఆవిరితో నడిచేవి, విద్యుత్తుతో నడిచేవి, పెట్రోలుతో నడిచేవి ఒకదానితో ఒకటి పోటీపడుతూ ఉండేవి. వాటిలో ఏది నిలుస్తుందో ఎవరూ చెప్పలేని కాలమది. కనుక కొనదలచినవాడు పది రకాలను పక్కపక్కన చూచి గాని సొమ్ము తీసేవాడు కాదు. 1901లో చికాగో కొలీజియం భవనంలో జరిగిన మోటారు ప్రదర్శన ఈ అవసరాన్ని కొంత తీర్చింది. కాని అది కొద్దినాళ్ల సంత. ఏడాది పొడుగునా సాగే సంత ఒకటి కావలసి వచ్చింది.

దానికి మిచిగాన్ అవెన్యూ అన్నివిధాలా అనుకూలించింది. అది బరువు బండ్లను రానీయని, నునుపైన విశాల విహారమార్గం. పక్కనే ప్రెయిరీ అవెన్యూలో సంపన్నుల భవంతులు ఉండేవి. ఆ సంపన్నులు క్రమంగా ఇతర పేటలకు తరలిపోతూ ఉండడంతో స్థలాలూ దొరికాయి. 1905 ప్రాంతంలో ఆరంభమైన నిర్మాణం 1936 వరకు సాగింది. ఫోర్డ్, బ్యూక్, కాడిలాక్, లోకోమొబిల్, మార్మన్, హడ్సన్ మొదలుగా వందకు పైగా రకాల కార్లు ఈ వీధిలో అమ్ముడయ్యాయి.

ఈ దుకాణాలు సామాన్యమైన దుకాణాలు కావు. కింది అంతస్తులో నిలువెత్తు గాజు పలకల వెనుక కొత్త కార్లు మెరుస్తూ ఉండేవి. పై అంతస్తులలో కార్లను నిలవ చేసేవారు, మరమ్మతు చేసేవారు, రంగులు వేసేవారు. కారును పైకి చేర్చడానికి పెద్ద లిఫ్టులు ఉండేవి. టన్ను బరువు గల బండ్లు అనేకం మేడమీద నిలిస్తే నేల ఆగాలి; నూనె, పెట్రోలు ఉన్నచోట నిప్పు అంటుకొనరాదు; బండి మలుపు తిరగడానికి స్తంభాలు అడ్డురాకూడదు. కొయ్య దూలాలతో ఈ మూడూ సాధ్యం కావు.

ఇనుప కడ్డీలు పొదిగిన కాంక్రీటు ఈ చిక్కును విప్పింది. కాంక్రీటు అణచే బలాన్ని బాగా ఓర్చుకొంటుంది కాని సాగదీసే బలానికి పగులుతుంది. ఆ సాగదీత భారాన్ని లోపలి ఉక్కు భరిస్తుంది. రెండూ కలిసినప్పుడు దూరదూరంగా నిలిపిన స్తంభాలే బరువును మోయగలవు. 1905లో డెట్రాయిట్‌లో ఆల్బర్ట్ కాన్ రూపొందించిన ప్యాకార్డ్ కర్మాగార భవనం ఈ పద్ధతికి పేరు తెచ్చింది. చట్రమే బరువు మోస్తున్నప్పుడు గోడకు పని తగ్గుతుంది. అందుకే ముందు భాగాన్నంతా గాజుతో నింపగలిగారు. మిగిలిన చోట మెరుగు పూసి కాల్చిన మట్టి పలకలను, అనగా టెర్రాకోటాను, తాపడం చేశారు. బొగ్గుపొగ మసి పట్టినా వాటిని కడిగితే చాలు. ఆల్ఫ్రెడ్ ఆల్‌షులర్ 1922లో నిర్మించిన హడ్సన్ భవనం ఇందుకు చక్కని ఉదాహరణ.

ఇంత వైభవం ఎందుకు తరిగింది? 1929 నాటి ఆర్థిక సంక్షోభం ఖరీదైన కార్ల కంపెనీలను కూల్చివేసింది. లోకోమొబిల్ 1929లోనే ఆగిపోయింది. 1911లో మొట్టమొదటి ఇండియానాపొలిస్ 500 మైళ్ల పందెం గెలిచిన మార్మన్ కంపెనీ 1933లో కార్ల తయారీ మానుకొన్నది. అంతకంటె లోతైన కారణం మరొకటి ఉన్నది. కారు సామాన్యుని చేతికి వచ్చిన తరువాత జనం నగరం వెలుపలికి విస్తరించారు. విక్రేతలకు బహుళ అంతస్తుల మేడ అవసరం తీరి, విశాలమైన ఖాళీ స్థలం అవసరమైంది. వారు కొనుగోలుదారుల వెంటనే శివార్లకు వెళ్లిపోయారు. ఏ సరుకు ఈ పేటను నిలబెట్టిందో ఆ సరుకే దీనిని ఖాళీ చేసింది.

అయినా కట్టడాలు మిగిలాయి. 1936లో ఇల్లినాయి ఆటోమొబైల్ క్లబ్బుకై కట్టిన భవనం తరువాతి కాలంలో నల్లజాతివారి పత్రిక ‘చికాగో డిఫెండర్’కు కార్యాలయమైంది. బండ్ల కోసం విశాలంగా, దృఢంగా నిర్మించిన గదులు ఇతర పనులకూ అక్కరకు వచ్చాయి. చికాగో నగరం 2000లో ఈ పేటను రక్షిత ప్రాంతంగా ప్రకటించింది. 2002లో అమెరికా చారిత్రక స్థలాల జాతీయ పట్టికలో ఇది చేరింది. పాత కారును ప్రదర్శనశాలలో చూడవచ్చు. కాని ఆ కారు ఒక నగరాన్ని ఎట్లా మలచిందో తెలుసుకోవాలంటే ఇటువంటి వీధియే పాఠ్యగ్రంథం.