తొలినాటి అమెరికాను మలచిన వలస యుద్ధాలు

ఉత్తర అమెరికా తూర్పు తీరంలో స్థిరపడిన ఇంగ్లీషు వలసల్లో 1763 వరకు యుద్ధం ఎరగని తరం దాదాపు లేదు. స్థానిక తెగలతో భూమి కోసం, ఫ్రెంచివారితో బొచ్చు వ్యాపారం కోసం, నదుల మీద పట్టు కోసం పోరు సాగింది. లండన్ నుంచి సైన్యం రావాలంటే వారాల తరబడి సముద్ర ప్రయాణం. అందువల్ల ఊరి రక్షణ ఊరివారి మీదే పడింది. 16 నుంచి 60 ఏళ్ల లోపు మగవాళ్లు తుపాకీ సమకూర్చుకుని మిలీషియాలో, అంటే పౌరదళంలో చేరాలని చాలా కాలనీల్లో చట్టం ఉండేది. దండయాత్రలకు డబ్బు మంజూరు చేసేది కాలనీ శాసనసభ. చాలా కాలనీల్లో గవర్నరును రాజు నియమించినా, యుద్ధం వచ్చినప్పుడల్లా అతను పన్నుల కోసం సభ ముందు చేయి చాచవలసి వచ్చేది. ఆ అవసరాన్ని ఆసరా చేసుకుని సభలు ఒక్కొక్క అధికారాన్నే తమ చేతుల్లోకి తీసుకున్నాయి.

ఈ యుద్ధాల క్రూరత్వం మొదట్లోనే బయటపడింది. 1637 మే నెలలో కనెక్టికట్ ప్రాంతంలోని మిస్టిక్ దగ్గర పీక్వాట్ తెగ గ్రామాన్ని ఇంగ్లీషువారు తెల్లవారుజామున చుట్టుముట్టి నిప్పుపెట్టారు. వందల మంది చనిపోయారు. వారిలో ఎక్కువ మంది స్త్రీలు, పిల్లలు, ముసలివారు. ఇంగ్లీషువారికి తోడుగా వచ్చిన నారగాన్సెట్ తెగ యోధులు సైతం ఆ ఊచకోత చూసి నివ్వెరపోయారు. మరుసటి ఏడాది హార్ట్‌ఫర్డ్ ఒప్పందం పీక్వాట్ అన్న పేరు పలకడాన్నే నిషేధించింది. బందీల్లో కొందరిని బానిసలుగా కరీబియన్ దీవులకు పంపారు.

ఈశాన్య ఇంగ్లీషు కాలనీలైన న్యూ ఇంగ్లండ్ మీద అంతకన్నా లోతైన ముద్ర వేసింది 1675–76 నాటి యుద్ధం. వాంపనోగ్ తెగ నాయకుడు మెటాకామ్‌ను ఇంగ్లీషువారు కింగ్ ఫిలిప్ అని పిలిచేవారు. 1621లో ప్లిమత్ వలసదారులతో సంధి చేసుకుని, వారు నిలదొక్కుకోవడానికి సాయపడిన మాసాసోయిట్ కొడుకు ఇతను. తండ్రి నాటి స్నేహం కొడుకు కాలానికి ఆవిరైపోయింది. భూమి చేజారిపోతూ వచ్చింది, పశువులు పొలాల మీద పడ్డాయి, ఇంగ్లీషు కోర్టులు తెగ వ్యవహారాల్లో తలదూర్చాయి. 1675 జూన్‌లో ముగ్గురు వాంపనోగ్‌లను ప్లిమత్‌లో హత్యానేరం మీద ఉరితీయడంతో యుద్ధం అంటుకుంది. న్యూ ఇంగ్లండ్ ఊళ్లలో సగానికి పైగా దాడులకు గురయ్యాయి. డజను వరకు పూర్తిగా ధ్వంసమయ్యాయి. డిసెంబరులో రోడ్ ఐలండ్ చిత్తడి నేలలో నారగాన్సెట్‌ల కోటను కాలనీ సేనలు తగులబెట్టాయి. 1676 ఆగస్టులో మెటాకామ్‌ను చంపి, అతని తలను ప్లిమత్‌లో కర్రకు గుచ్చి ఏళ్ల తరబడి అలాగే ఉంచారు. అతని కొడుకును బానిసగా అమ్మేశారు.

క్రైస్తవం స్వీకరించి, ఇంగ్లీషువారి పద్ధతుల్లో ఊళ్లు కట్టుకున్న స్థానికులకు జరిగిన అన్యాయం ఈ చరిత్రలో అన్నిటికన్నా బాధాకరమైనది. నమ్ముకున్న మతం వారిని కాపాడలేదు. వారిని బోస్టన్ రేవులోని డీర్ ఐలండ్‌కు తరలించి, చలికాలమంతా తిండీ గూడూ సరిగా లేకుండా ఉంచారు. చాలామంది అక్కడే ప్రాణాలు విడిచారు. శత్రువెవరో తేల్చేటప్పుడు నడవడిని వదిలి పుట్టుకను చూసే అలవాటు అప్పుడే బలపడింది. బందీగా పట్టుబడి విడుదలైన మేరీ రోలండ్‌సన్ రాసిన అనుభవాలు 1682లో అచ్చయి విపరీతంగా అమ్ముడుపోయాయి. స్థానికుడంటే అడవి మనిషి అన్న భావాన్ని అలాంటి పుస్తకాలు ఇంటింటికీ చేర్చాయి.

ఆ యుద్ధం కాలనీలను అప్పుల్లో ముంచింది. బలహీనపడిన మసాచుసెట్స్ కాలనీ మీద లండన్ కన్ను పడింది. 1684లో దాని చార్టర్, అంటే రాజు ఇచ్చిన పాలనా హక్కుల పత్రం, రద్దయింది. 1686 నుంచి గవర్నర్ ఎడ్మండ్ ఆండ్రోస్ శాసనసభ లేకుండానే పన్నులు వేశాడు. 1689లో బోస్టన్ ప్రజలు తిరగబడి అతన్ని జైల్లో పెట్టారు.

వర్జీనియాలో 1676 తిరుగుబాటుకు మూలం కూడా సరిహద్దు యుద్ధమే. స్థానిక తెగల మీద గట్టిగా దండెత్తడం లేదని గవర్నర్ విలియం బర్క్‌లీ మీద నథానియల్ బేకన్ అనే తోట యజమాని ఎదురుతిరిగాడు. భూమి లేని తెల్ల కూలీలు, కొందరు నల్లజాతి బానిసలు అతని వెంట నడిచారు. రాజధాని జేమ్స్‌టౌన్ బూడిదైంది. బేకన్ ఆ అక్టోబరులో జబ్బుచేసి చనిపోయాడు, తిరుగుబాటు అణగారింది. ఆ తరువాతి దశాబ్దాల్లో తోటల యజమానులు ఆఫ్రికా బానిసల మీద మరింతగా ఆధారపడ్డారు. 1705 నాటి బానిస చట్టాలు తెల్లవారికీ నల్లవారికీ మధ్య గోడను గట్టిపరిచాయి.

1689 తరువాత యూరప్ రాజుల తగాదాలు అమెరికాకు పాకాయి. 1690లో ఫ్రెంచివారి క్యూబెక్ మీద దండయాత్ర విఫలమై, తిరిగొచ్చిన సైనికులకు జీతాలివ్వలేక మసాచుసెట్స్ కాగితపు నోట్లు అచ్చువేసింది. పాశ్చాత్య ప్రపంచంలో ఒక ప్రభుత్వం అలా నోట్లు జారీచేయడం అదే మొదలు. 1745లో న్యూ ఇంగ్లండ్ మిలీషియా ఫ్రెంచివారి లూయీబర్గ్ కోటను పట్టుకుంది. ఆ చలికాలం కోట కాపలాలో వందల మంది రోగాలతో చనిపోయారు. అయినా 1748 సంధిలో బ్రిటన్ ఆ కోటను తిరిగి ఇచ్చేసి, ఫ్రెంచివారి చేతిలో ఉన్న మద్రాసును వెనక్కి తీసుకుంది. తమ వాళ్ల ప్రాణాల విలువ లండన్‌కు తెలియలేదన్న కోపం బోస్టన్‌లో చాలాకాలం ఆరలేదు.

1754లో ఒహాయో లోయలో 22 ఏళ్ల జార్జి వాషింగ్టన్ దళం ఫ్రెంచివారితో తలపడడంతో మొదలైన యుద్ధం ప్రపంచమంతా వ్యాపించింది. తెలుగు నేలనూ తాకింది. 1758 డిసెంబరులో పిఠాపురం సమీపంలోని చందుర్తి దగ్గర ఫ్రెంచివారిని ఓడించిన బ్రిటిష్ అధికారి ఫోర్డ్ సేన, 1759 ఏప్రిల్‌లో మచిలీపట్నం కోటను తీసుకుంది. అదే ఏడాది సెప్టెంబరులో క్యూబెక్ బ్రిటిష్‌వారి వశమైంది. అమెరికాలో వేలాది కాలనీ యువకులు మొదటిసారిగా బ్రిటిష్ పటాలాల పక్కన నిలిచారు. కొరడా దెబ్బల క్రమశిక్షణ, అధికారుల అహంకారం కళ్లారా చూశారు. సైన్యంలో చేరడాన్ని వాళ్లు ఒప్పందంగానే భావించారు. గడువు తీరగానే ఇంటిదారి పట్టేవారు. బ్రిటిష్ అధికారులకు అది పిరికితనంగా, వాళ్లకు అది హక్కుగా కనిపించింది. రాజుగారి సైన్యంలో హోదా కోరిన వాషింగ్టన్‌కు అది దక్కలేదు.

1763 నాటికి బ్రిటన్ అప్పు సుమారు 7.5 కోట్ల పౌండ్ల నుంచి 13 కోట్లకు పైగా పెరిగింది. ఆ ఏడాదే పాంటియాక్ అనే స్థానిక నాయకుడి వెంట తెగలు పడమటి కోటల మీద విరుచుకుపడ్డాయి. అపలాచియన్ కొండలకు పడమట వలసదారులు స్థిరపడరాదని రాజు ప్రకటించాడు. భూమి మీద ఆశపెట్టుకున్నవారికి అది ద్రోహంగా తోచింది. డిసెంబరులో పెన్సిల్వేనియా సరిహద్దు మనుషులు కొందరు శాంతంగా బతుకుతున్న 20 మంది కోనెస్టోగా తెగవారిని చంపారు. కొత్త సరిహద్దుల్లో సైన్యం ఉంచే ఖర్చులో కొంత రాబట్టాలని పార్లమెంటు 1765లో కాలనీల మీద పన్ను వేస్తూ స్టాంపు చట్టం చేసింది. యుద్ధాలకు తామే పన్నులు మంజూరు చేస్తూ వచ్చిన సభలకు అది పూర్వపు హక్కు మీద దాడిగా కనిపించింది.

ఆ తగాదా ముదిరి కాలనీలు బ్రిటన్ నుంచి విడిపోయాయి. 1776 నాటి వాటి స్వాతంత్ర్య ప్రకటన శాంతికాలంలో శాశ్వత సైన్యాన్ని నిలిపిన రాజును తప్పుపట్టింది. అదే పత్రం స్థానికులను దయలేని అనాగరికులంది. 1787 రాజ్యాంగం సైన్యానికి రెండేళ్లకు మించి డబ్బు కేటాయించరాదని కట్టడి చేసింది. పౌరదళం, ఇళ్లలో సైనికుల బస గురించిన సవరణలు 1791 డిసెంబరులో అమల్లోకి వచ్చాయి. అంతకు నెల ముందే ఒహాయో ప్రాంతంలో మయామీ, షానీ యోధులు జనరల్ సెయింట్ క్లెయిర్ సైన్యాన్ని చిత్తుచేసి ఆరు వందల మందికి పైగా చంపారు. ఆ ఓటమి తరువాత కాంగ్రెస్ శాశ్వత సైన్యాన్ని పెంచింది. 1792లో పౌరదళ చట్టం చేసి, 18 నుంచి 45 ఏళ్ల మధ్య ఉన్న తెల్ల పురుష పౌరులందరూ తుపాకీ కొనుక్కుని అందులో చేరాలంది.