తులేన్ 2005: పదకొండు మైదానాల సీజన్

అమెరికన్ ఫుట్‌బాల్‌లో సొంత మైదానం అంటే సగం బలం. న్యూ ఆర్లీన్స్‌లోని తులేన్ విశ్వవిద్యాలయ జట్టు ‘గ్రీన్ వేవ్’ 2005 సీజన్ మొత్తం ఆ బలం లేకుండానే ఆడింది.

ఆ ఏడాది ఆగస్టు 29న కత్రినా హరికేన్ విరుచుకుపడింది. గట్లు తెగి నగరంలో దాదాపు 80 శాతం నీట మునిగింది. జట్టు సొంత మ్యాచ్‌లు ఆడే సూపర్‌డోమ్ వేలాది నిరాశ్రయులకు ఆశ్రయమైంది. దాని పైకప్పూ దెబ్బతింది. వర్సిటీ ఆ సెమిస్టర్‌ను రద్దు చేసింది.

ముందే నగరం విడిచిన ఆటగాళ్లు జాక్సన్, డాలస్‌ల మీదుగా రస్టన్ చేరి, లూసియానా టెక్ ప్రాంగణంలో తలదాచుకున్నారు. చదువూ సాధనా అక్కడే. కోచ్ క్రిస్ స్కెల్ఫో జట్టు 11 మ్యాచ్‌లను 11 వేర్వేరు మైదానాల్లో ఆడింది. రెండు గెలిచి, తొమ్మిది ఓడింది.

అసలు దెబ్బ డిసెంబరులో తగిలింది. పునర్నిర్మాణ ఖర్చు మీద పడటంతో తులేన్ 8 క్రీడా జట్లను ఆపేసింది. ఫుట్‌బాల్‌ను మాత్రం నిలుపుకుంది. 2006 జనవరిలో తరగతులు, అదే ఏడాది సెప్టెంబరులో సూపర్‌డోమ్ తిరిగి తెరుచుకున్నాయి. ప్రాంగణంలోనే సొంత స్టేడియం, యుల్మన్, 2014లో గానీ రాలేదు.