ఎల్డరు పూల పానకము - దాని పొంగు చరిత్ర

ఇంగ్లండులో మే నెల చివర, జూన్ మొదటి దినములలో పల్లెబాటల ప్రక్క కంచెలలో ఒక పొద తెల్లగా విరియబూయును. అరచేతి వెడల్పున బల్లపరుపుగా పరచుకొన్న గుత్తిలో వందలకొలది చిన్నపూలు. ఒక్కొక్క పూవునకు అయిదేసి రేకలు. రంగు వెన్నవలె లేతపసుపు కలిసిన తెలుపు. ఆ దేశమువారు దీనిని ఎల్డరు అందురు. వృక్షశాస్త్రమున దీని పేరు సాంబ్యూకస్ నైగ్రా. ఐరోపాలో చాలభాగమున ఇది ఎవరును నాటకయే పెరుగును. మన తెలుగు మైదానములలో పెరుగు మొక్క కాదు.

ఈ పూలను నీటిలో నానవేసి, చక్కెరయు నిమ్మపండ్లును చేర్చి, వడగట్టి, సీసాలలో పోసి బిరడా బిగించి రెండు వారములు ఉంచినచో, బిరడా తీయగనే నురుగుతో పొంగు పానీయము సిద్ధమగును. ఆంగ్ల గృహిణులు దీనిని ముద్దుగా "ఎల్డరు పూల షాంపేన్" అని పిలుచుచు వచ్చిరి. ఇందులోని సువాసన కంచెలో ఊరకే దొరకును. పొంగు మాత్రము అట్లు ఊరకే వచ్చినది కాదు. దానిని సీసాలో నిలుపుటకు, నిలిపిన పిమ్మట అది సీసాను బ్రద్దలు చేయకుండ చూచుటకు రెండువందల సంవత్సరములు పట్టినది. ఆ శ్రమలో కొందరు కన్నులు పోగొట్టుకొనిరి.

ఎల్డరుతో మానవుని పరిచయము చాల పాతది. స్విట్జర్లండు సరస్సుల ఒడ్డున నవీన శిలాయుగమున కాపురముండిన వారి ఇండ్ల శిథిలములలో దీని గింజలు దొరికినవి. అవి పండ్లకు సాక్ష్యమే కాని పూలకు కాదు. పూవువంటి సుకుమారమైన వస్తువు త్రవ్వకములలో మిగులుట అరుదు. పూల సంగతి పుస్తకములలోనే వెదకవలెను. చెట్లనుగూర్చి 1664లో గొప్ప గ్రంథము ప్రకటించిన జాన్ ఈవెలిన్, 1699లో పచ్చికూరలనుగూర్చి "అసిటేరియా" అను చిన్న పుస్తకము వ్రాసెను. ఎల్డరు పూలను వినిగరులో ఊరవేయుట అందులో కలదు. 18వ శతాబ్దమునాటి ఇంగ్లీషు గృహపుస్తకములలో మరియొక చిత్రమైన వంటకము కానవచ్చును: ఎండుద్రాక్ష, చక్కెర, ఎల్డరు పూలు కలిపి పులియబెట్టి, దక్షిణ ఫ్రాన్సులోని ఫ్రాంటిన్యాన్ పట్టణపు మస్కట్ వైనును పోలిన దానిని ఇంటనే తయారుచేయుట.

ఈ అనుకరణ వట్టి మోసము కాదు. మస్కట్ ద్రాక్షకు వాసననిచ్చు లినలూల్ మొదలగు టెర్పీను జాతి పదార్థములే ఎల్డరు పూలలోను ఉన్నవని రసాయనశాస్త్రము తరువాత చూపినది. వానితోపాటు ఈ పూలలో రోజ్ ఆక్సైడు అను పదార్థము కలదు. గులాబీ తైలములోను, లీచీపండు వాసనలోను ఉండునది కూడ ఇదియే. ముక్కుతో మాత్రమే పరీక్షించిన ఆనాటి గృహిణి నిర్ణయము సరియైనదే. అయితే ఈ పరిమళము త్వరగా చెడును. ఎండగా ఉన్న పొడిదినమున, అప్పుడే విచ్చిన పూలనే కోయవలెను. వాడిన గుత్తులు పిల్లి మూత్రము వాసన కొట్టును. ఆకులు, కాడలు పానీయములో పడరాదు. వానిలో సాంబ్యూనిగ్రిన్ అను పదార్థముండి, దానినుండి హైడ్రోజన్ సయనైడు అను విషము వెలువడును.

ఇక పొంగు మాట. తాటిచెట్టునుండి దించిన కల్లుకుండను చూచినవారికి ఇది క్రొత్త కాదు. ఎవరును ఏమియు కలుపకుండనే కల్లు కొద్ది గంటలలో నురుగు గ్రక్కును. గాలిలోను, కుండకును, గెలకును అంటియున్న ఈస్టు అను సూక్ష్మజీవులు అందలి చక్కెరను తిని, ఆల్కహాలును, బొగ్గుపులుసు వాయువును, అనగా కార్బన్ డయాక్సైడును, విడుచుచుండుటయే దీనికి కారణము. మన అడవులలోని ఇప్పపూవు తనలోనే సమృద్ధిగా చక్కెర కలది. కనుక దానిని నానవేసిన చాలును, పులియును. ఎల్డరు పూవులో చెప్పుకోదగిన తీపి లేదు. అది పరిమళమును, తనకంటియున్న ఈస్టును మాత్రమే తెచ్చును. చక్కెర మనము పోయవలెను. ఈ భేదము స్వల్పముగ తోచును గాని, ఆపద అంతయు ఇందులోనే ఉన్నది. చక్కెరను పోయువాడు ఎంత పోయవలెనో తెలిసియుండవలెను. కల్లుకుండకు మూతి తెరచియుండును, వాయువు పోవును. బిరడా వేసిన సీసాలో అది ఎక్కడికి పోవును?

పూర్వకాలపు సీసాలు ఈ ప్రశ్నకు పగిలి జవాబు చెప్పెడివి. కట్టెల కొలిమిలో చేసిన గాజు పలుచన, బలహీనము. 1615లో ఇంగ్లండు రాజు మొదటి జేమ్సు గాజుకొలుములలో కట్టెలు కాల్చరాదని శాసించెను. ఓడలకు కావలసిన కలప తరిగిపోవుచున్నదని ఆయన భయము. పనివారు నేలబొగ్గునకు మరలవలసివచ్చెను. బొగ్గుమంట ఎక్కువ వేడి. ఆ కొలుములలో మందమైన, నల్లని, గట్టి సీసాలు పుట్టినవి. అట్టివానిని మొట్టమొదట చేయించినవాడు సర్ కెనెల్మ్ డిగ్బీయని 1662లో అధికారికముగ అంగీకరింపబడినది. నౌకలకొరకు చేసిన శాసనము వైనునకు సీసా నిచ్చినది!

అదే సంవత్సరము డిసెంబరు 17వ తేదీన క్రిస్టఫర్ మెరెట్ అను వైద్యుడు లండను రాయల్ సొసైటీకి ఒక వ్యాసము సమర్పించెను. వైను వర్తకులు తమ వైనులకు చక్కెరయు, చెరకుమడ్డియు కలిపి వానిని చురుకుగ పొంగునట్లు చేయుచున్నారని అందులో ఆయన తెలిపెను. షాంపేన్ పొంగును కనిపెట్టినవాడని లోకము చెప్పుకొను డామ్ పెరిన్యాన్ అను సన్యాసి ఓవిలే మఠమున చేరినది 1668లో. అనగా ఆరు సంవత్సరముల తరువాత. పైగా ఆయన తన వైనులో బుడగలు రాకుండ చూచుటకే పాటుపడెను. కథలు ఇట్లే తారుమారగుచుండును.

మెరెట్ ఎరిగినది చక్కెర వేసినచో పొంగుననియే. పొంగునది ఏమి? ఎంత వేసిన ఎంత పొంగును? ఇవి ఆనాడు ఎవరికిని తెలియవు. 1754లో ఎడింబరోలో జోసెఫ్ బ్లాక్ సున్నపురాయివంటి పదార్థములలో బంధింపబడియున్న ఒక "స్థిరవాయువు"ను గుర్తించెను. పులియుచున్న ద్రవములనుండి వచ్చునది అదియేనని కొద్దికాలమునకే తెలిసెను. 1767లో లీడ్సు పట్టణమున మతాచార్యుడుగా చేరిన జోసెఫ్ ప్రీస్ట్లీ ఇంటి ప్రక్కన ఒక బీరు బట్టీ ఉండెను. పులియుచున్న తొట్లపై ఈ వాయువు పొరగా నిలిచియుండుట చూచి, ఆయన ఆ పొరలో ఒక గ్లాసునుండి వేరొక గ్లాసునకు నీటిని మార్చి మార్చి పోసెను. నీరు జివ్వుమను రుచి పొందెను. 1772లో ఈ విధానమును చిన్న పుస్తకముగ ప్రకటించెను. ఆ నీరు నావికుల స్కర్వీ వ్యాధిని మాన్పునని ఆయన ఆశపడెను. ఆ ఆశ నెరవేరలేదు. కాని పులియబెట్టకయే పొంగు పుట్టించవచ్చునని లోకమునకు తెలిసినది. జెనీవాలో జేకబ్ ష్వెప్ 1783లో ఈ నీటిని పెద్దయెత్తున తయారుచేసి అమ్మసాగెను. 1792లో లండనుకు వచ్చెను.

వాయువును సీసాలో ఆపుటకు ఆంగ్లేయుడు హైరమ్ కాడ్ 1872లో కనుగొనిన ఉపాయము తెలుగువారందరికి పరిచితము. సీసా మెడలో ఒక గాజుగోళీ. మూతివద్ద రబ్బరు వలయము. లోపలి వాయువే గోళీని పైకి నెట్టి వలయమునకు అదిమి ఉంచును. తప్పించుకొనజూచు వాయువే తలుపు మూయును! అదియే మన గోళీసోడా.

ఇంటిలో పులియబెట్టువారికి మాత్రము సోడాయంత్రము సహాయపడదు. వారికి కావలసినది లెక్క. లవోషియే 1789లో పులియుటకు ముందు చక్కెరను, తరువాత వచ్చిన ఆల్కహాలును, వాయువును తూచి చూపెను. మొత్తముమీద చక్కెర బరువులో దాదాపు సగము వాయువుగ మారును. ఈస్టు ప్రాణముగల జీవియని 1837 ప్రాంతమున కొందరు చెప్పిరి. పాస్టర్ 1857 మొదలు చేసిన పరిశోధనలతో సందేహము తీరినది. కాని షాంపేన్ సీమలోని వర్తకులు అంతవరకు ఆగలేకపోయిరి. వారి నేలమాళిగలలో కొన్ని సంవత్సరములు నిలువలో పెద్దభాగమే ప్రేలిపోయెడిది. ఒక సీసా పగిలిన దాని పెంకులు ప్రక్కసీసాలను పగులగొట్టును. పనివారు మొగములకు ఇనుపతీగె ముసుగులు కట్టుకొని లోపలికి దిగెడివారు. షాలోన్ పట్టణమున ఫ్రాన్సువా అను మందుల తయారీదారు 1836లో ఒక పద్ధతి ప్రకటించెను: వైనులో మిగిలియున్న చక్కెరను కొలిచి, కావలసినంతయే మరల చేర్చుట. సీసాలు పగులుట తగ్గిపోయినది. రాజశాసనము గట్టి సీసా నిచ్చినది గాని, సీసాను నిజముగ రక్షించినది ఈ కొలత.

ఆ కొలతను ఎల్డరు పానకమునకు పట్టించి చూడవచ్చును. లీటరులో సుమారు 4 గ్రాముల చక్కెర పులిసినచో, చల్లని మాళిగలో, సీసాలోని పీడనము ఒక వాతావరణము పెరుగును. షాంపేన్ సీసాలో ఆరు వాతావరణములు ఉండును. మోటారుకారు టైరులోని దానికి ఇది మూడింతలు. ఇంగ్లీషు ఇండ్లలో వాడుకగా వచ్చుచున్న పాళ్లు ఇవి: ఒక గాలను నీరు, ఒకటిన్నర పౌను చక్కెర, రెండు నిమ్మపండ్లు, రెండు చెంచాల వినిగరు, నాలుగైదు గుత్తుల పూలు. అనగా నాలుగున్నర లీటర్లకు 680 గ్రాములు, లీటరుకు 150. అంతయు బిగించిన సీసాలో పులిసినచో 37 వాతావరణములు! దానిని ఓర్చు గాజుసీసా ఏ ఇంటను ఉండదు. రెండు వారములలో త్రాగివేయవలెనను పాత నియమము రుచికొరకు మాత్రమే కాదని దీనివలన తేలును. ఈస్టు చక్కెరలో కొద్దిభాగమే తినియుండగా సీసా తెరచుటయే అందలి రహస్యము. మరచిపోయి వేసవి అంతయు అటుకపై ఉంచినవారికి ఆ రహస్యము పెద్ద చప్పుడుతో తెలియును.

ఈ ఆపద లేని మార్గము పూలను పులియనీయకుండుట. చిక్కని పంచదారపాకములో పూలను, నిమ్మతొక్కను, సిట్రిక్ ఆమ్లమును ఒకటి రెండు దినములు నానవేసి వడగట్టినచో సువాసనగల పాకము మిగులును. అంత తీపిలో ఈస్టు సులభముగ బ్రదుకలేదు. చక్కెర దానిలోని నీటిని పీల్చివేయును. పొంగు వేరొక చోటనుండి వచ్చును. ఉత్తర ఇటలీలోని ప్రొసెకో అను వైనును సీసాలలో గాక మూసిన పెద్ద ఉక్కుతొట్లలో పొంగింతురు. ఇటలీలో మార్తినోత్తి 1895లో ఆరంభించి, ఫ్రాన్సులో షార్మా 1907లో మెరుగుపరచిన పద్ధతి ఇది. అక్కడ పీడనమును యంత్రము చూచుకొనును. ఈ వైనుతో ఎల్డరు పాకమును కలిపి, 2005లో దక్షిణ టైరోల్‌లోని నాతుర్న్స్ పట్టణమున రోలాండ్ గ్రూబర్ అను పానశాల నిపుణుడు ప్రచారమునకు తెచ్చిన మిశ్రమమునకు "హ్యూగో" అని పేరు. మద్యము వలదనువారు పాకమును సోడాతో కలుపుకొందురు. ప్రీస్ట్లీ నీరు ఇందుకును చాలును.

పాతపేరు మాత్రము కోర్టుకెక్కినది. ఇంగ్లండులో మద్యము లేని ఒక పానీయమును "ఎల్డరు పూల షాంపేన్" అను పేరుతో, షాంపేన్ సీసావంటి సీసాలో అమ్ముచుండగా ఫ్రెంచి షాంపేన్ ఉత్పత్తిదారులు దావా తెచ్చిరి. 1993లో అప్పీలు న్యాయస్థానము ఆ పేరుతో అమ్మరాదని తీర్పు చెప్పెను. అంగడిలో పేరు మారినది, ఇండ్లలో మారలేదు.

ఇంట కలుపువారు తెలియవలసిన సంగతి ఒకటి కలదు. సున్న సెంటిగ్రేడు డిగ్రీలవద్ద నీరు తన ఘనపరిమాణమునకు 1.7 రెట్లు బొగ్గుపులుసు వాయువును కరగించుకొనును. 20 డిగ్రీలవద్ద అందులో దాదాపు సగమే. కావున పాకమును, వైనును, గ్లాసును కూడ ముందుగా చల్లబరచవలెను. పాకము బరువు, అడుగునకు దిగును. దానిని ముందు పోసి, వైనును గ్లాసు అంచు వెంట మెల్లగా జార్చి, చెంచాతో ఒక్కసారి మాత్రము పైకి ఎత్తవలెను. ఎక్కువ కలిపినకొలది బుడగలు పోవును. ఇక పాతపద్ధతినే పట్టుకొని పులియబెట్టువారు పెళుసు గాజును విడిచి మెత్తని ప్లాస్టిక్ సీసాలు వాడుట మేలు. సీసాను ప్రతిదినము వ్రేళ్లతో నొక్కి చూడవలెను. రాయివలె గట్టిపడినచో మూత కొంచెము వదులుచేసి, బుసమని వాయువు పోయిన పిమ్మట మరల బిగించి, నీడలో చల్లని చోట నుంచవలెను.