మూగబొమ్మకు మాట చెప్పినవాళ్ళు



కేతిగాడిని బంగారక్క చితకబాదుతుంటే నవ్వని వాళ్ళుండేవారా? మా అత్తిలి చుట్టుపక్కలే కాదు, తోలుబొమ్మలాట ఆడిన ప్రతి ఊళ్ళోనూ అంతే. తెల్లని తెర, వెనకాల దీపం. దెబ్బ చప్పుడు బొమ్మది కాదండోయ్, ఆడించేవాళ్ళ కాళ్ళకింది బల్లచెక్కలది. మాటా వాళ్ళదే.

1895 డిసెంబరు 28న పారిస్‌లో లూమియేర్ సోదరులు టిక్కెట్టు పెట్టి వేసిన మొదటి ఆటలోనూ ఇలాంటి ముచ్చటే ఒకటుంది. తోటమాలి మొక్కలకు నీళ్ళు పెడుతుంటాడు. ఓ కుర్రాడు వెనకనుంచి వచ్చి రబ్బరు గొట్టం తొక్కుతాడు. నీళ్ళు ఆగాయేమిటా అని మాలి గొట్టంలోకి తొంగిచూస్తాడు. కుర్రాడు కాలు తీసేస్తాడు! ముఖమంతా స్నానం. తరవాత కుర్రాడికి వీపు విమానం మోతే. మొత్తం కలిపి నిమిషం లేదు.

తరవాత అమెరికాలో కీస్టోన్ కంపెనీ 1912 నుంచి ఈ పడడాలూ, తన్నులూ, పోలీసుల పరుగులూ వారంవారం తీసి వదిలింది. 1914లో చాప్లిన్ మొదట తెరకెక్కిందీ అక్కడే. అప్పటికే అక్కడ మేబెల్ నార్మండ్ అనే అమ్మాయి నటిస్తూ డైరెక్టు కూడా చేసేది. ఆవిడ చెప్పినట్టు చెయ్యాల్సొచ్చి చాప్లిన్ ఉడుక్కున్నాడు. ఆ సంగతి తన ఆత్మకథలో తనే రాసుకున్నాడు లెండి.

మనవైపు బందరులో పుట్టిన రఘుపతి వెంకయ్యగారు 1910 ప్రాంతాల మద్రాసులో యంత్రం కొని, చిట్టి ఫిల్ములు పట్టుకుని ఊళ్ళు తిరిగారు. బర్మా, సింహళం కూడా వెళ్ళారు. 1921లో బెజవాడలో మారుతి హాలు లేచింది.

అయితే బొమ్మకు మాట లేదు. మధ్యలో వచ్చే రాత ఎక్కువగా ఇంగ్లీషు. తెలుగులో ఉన్నా చదివేవాళ్ళెందరు? అందుకని తెరదగ్గర ఒక మనిషి ఉండి జరిగేదంతా గొంతెత్తి చెప్పేవాడు. తోలుబొమ్మలాటలో తెరవెనక ఉన్న గొంతు ఇక్కడ తెరముందుకు వచ్చిందన్నమాట. పరాయిదేశపు మాలి తడిసినా, మనవాళ్ళు నవ్వింది సగం ఈయన మాటకేనని నా నమ్మకం.

కాకినాడ కస్తూరి శివరావుగారు కుర్రతనంలో చేసిన పని ఇదే. 1949లో 'గుణసుందరి కథ'కు కథానాయకుడయ్యారు. హాస్యగాణ్ణి నాయకుణ్ణి చెయ్యడమంటే మాటలా! ఆ గొంతుకు అలవాటు మూకీల దగ్గరే పడిందనుకుంటాను.

1932లో 'భక్త ప్రహ్లాద' వచ్చింది, బొమ్మకు మాట వచ్చింది. తెరముందు మనిషికి పని పోయింది. శివరావుగారు తెరకెక్కారు గనుక ఆయన పేరు మిగిలింది. ఊరూరా గొంతు చించుకున్న మిగతావాళ్ళ పేర్లు ఏ ఫిల్ము మీదా వెయ్యలేదు. మీ ఇంట్లో తాతగారో అమ్మమ్మగారో అలాంటి పేరొకటి చెప్పిన గుర్తుంటే, ఓ కాగితం మీద రాసి ఉంచండి.